నా మనసులో ఏమీ లేదు

పొట్టేలు కదలడం లేదు. కదలడం అంటే నడవడం కాదు, అది నడుస్తూనే ఉంది, మెడలో వేసిన వేపదండలోంచి ఒక రెమ్మ లాక్కుని నమలాలని చూస్తూనే ఉంది, మధ్యలో ఒకసారి దగ్గింది కూడా, కానీ ఒళ్ళు మాత్రం విదిలించడం లేదు. మా వైపు మొక్కు అంటే అదే కదా. గంగమ్మ ముందర నిలబెట్టి పసుపునీళ్ళు వీపు మీద పోస్తే పొట్టేలు తల నుంచి తోక దాకా ఒక్కసారి ఒళ్ళు విదిలించాలి. విదిలిస్తే అమ్మ ఒప్పుకున్నట్టు, లేకపోతే లేదు. మా నాయన గంగప్ప చెంబు మీద చెంబు పోస్తున్నాడు, నీళ్ళు ఉన్ని మీదనే జారి కిందపడి మట్టి పచ్చగా అవుతోంది, అది మాత్రం ఎవరి పెళ్ళికో వచ్చిన చుట్టంలాగా చుట్టూ చూస్తోంది. అది మా అన్న పేరు మీద వదిలిన పొట్టేలు. మా అన్న మహేష్ మిలట్రీలో ఉన్నాడు, అగ్నివీర్, సరిహద్దు మీద. యుద్ధం మొదలైన రోజు నుంచి ఫోను లేదు. నిన్న సాయంత్రం టీవీలో యుద్ధం ఆగిపోయిందన్నారు, ఆగిపోయాక కూడా ఫోను లేదు. ఫోను లేదు కాబట్టే ఈ పొద్దు పొట్టేలు ఇక్కడ ఉంది, దాని చుట్టూ మేమున్నాం, మా చుట్టూ ఊరుంది, నెత్తి మీద మే నెల ఎండ ఉంది.

నాయన నిన్న వద్దన్నాడు. వాడి గొంతు విన్నాకనే మొక్కు చెల్లిద్దామన్నాడు. మా అవ్వ చౌడమ్మ ఒప్పుకోలేదు. యుద్ధాన్ని ఆపమని అడిగాం, ఆపింది, ఆపినాక కూడా ముందు నువ్వు ఇయ్యి తర్వాత నేనిస్తా అని బేరం పెడితే ఆ తల్లికి కోపం రాదా అంది. సంతలో గొర్రెల దగ్గర తప్ప ఇంకెక్కడా బేరం ఆడకూడదని అవ్వ పద్ధతి. నాయన తలొంచేశాడు. నాయన తలొంచడం నేను చూసింది తక్కువ, టీవీలో యుద్ధం మొదలైనప్పటి నుంచి రోజూ చూస్తున్నాను, గొర్రెల్ని తోలుకుపోయేటప్పుడు కూడా ఫోను చొక్కా జేబులోంచి తీసి చేతిలో పట్టుకునే నడుస్తున్నాడు, కురబలకోట దాటితే సిగ్నల్ పోతుందని మంద మేతకు అటు పోవడమే మానేశాడు, గొర్రెలు పాపం నున్నగా గీకిన బీడులోనే గీకుతూ తిరిగాయి. ఇప్పుడు కూడా ఫోను జేబులోనే ఉంది, పసుపునీళ్ళు తగులుతాయని అమ్మ దానికి ప్లాస్టిక్ కవరు చుట్టింది. పొద్దుటి నుంచి అది మోగుతూనే ఉంది, మోగినప్పుడల్లా అందరం బిగుసుకుపోతాం, తీరా చూస్తే ఎవరో చుట్టం, ఫోనొచ్చిందా అని అడగడానికి ఫోను చేస్తాడు.

అది ఎందుకు విదిలించడం లేదో నాకు తెలుసు. నేను బైపీసీ చదివాను గనక గొప్పలు పోవడం కాదు, తెలిసిందే చెబుతున్నాను. అన్న ట్రైనింగుకు పోయిన రోజున ఇది పాలు తాగే పిల్ల, ఆ రోజే గంగమ్మకు వదిలేశారు, వదిలినదాని మీద కత్తెర పడకూడదు. మందలో మిగతావాటికి ఉన్ని కత్తిరించినప్పుడల్లా దీన్ని పక్కకు తోలేశారు. ఇప్పుడు దాని వీపు మీద జానెడు ఉన్ని, కింద చర్మం ఎక్కడుందో దానికే తెలియాలి. ఉన్నిలో జిడ్డు ఉంటుంది, నీళ్ళు దిగవు, కంబళి కప్పుకుని వానలో మంద వెంట తిరిగిన మా తాతలందరికీ తెలిసిన సంగతే, నాయనకు నాకంటే బాగా తెలుసు. నీళ్ళు చర్మానికి తగిలితే కదా అది జలదరించేది. కానీ భక్తితో పెంచిన ఉన్నే అడ్డం వచ్చిందని ఎవరంటారు? అందరూ తెలిసినవాళ్ళే, ఒక్కడూ నోరు తెరవడు. మా ఊళ్ళో తెలిసిన సంగతిని తెలియనట్టు ఉంచుకోవడం పిల్లలకు ఉగ్గుతో పోస్తారు.

పలక మోగితే కొంచెం అదురుతుందేమో. పలక కొట్టేవాళ్ళు లేరు. ఊరవతల కాలనీలో ఉన్న చెంగయ్య ఇంటివాళ్ళే ఈ గుడి ముందర పలక కొట్టేది, చెంగయ్య దరువు ఎత్తుకుంటే పొట్టేలు సంగతి దేవుడెరుగు, పక్కన నిలబడ్డవాళ్ళకే ఒళ్ళు జలదరించేది. ఇప్పుడు ఆ ఇంటికి తాళం ఉంది. కుర్రాళ్ళు బ్లూటూత్ స్పీకరు ఒకటి తెచ్చి రాతి మీద పెట్టి యూట్యూబులో పలక దరువు వేశారు, అది మంచి ఊపులో ఉండగా మధ్యలో ఏదో పప్పుల పొడి ప్రకటన వచ్చింది, పూజారి గోవిందస్వామి కళ్ళు మూసుకున్నవాడు మూసుకున్నట్టే మొహం చిట్లించాడు. ఎవరూ నవ్వలేదు. వేరే రోజైతే నేను పడీపడీ నవ్వేదాన్ని, అన్న ఉండి ఉంటే ఇద్దరం గుడి వెనక్కి పోయి నవ్వి వచ్చేవాళ్ళం, అన్న ఉండి ఉంటే అంటున్నాను చూడండి, నేను అన్నతో మాట్లాడక ఎంత కాలమైందని.

అప్పుడే మా మామ, అమ్మ తమ్ముడు జయచంద్ర, నాయన దగ్గరకు వచ్చి మెల్లగా అన్నాడు. "చెవిలో పోయి బావా. రెండు సుక్కలు సాలు."

చెవిలో నీళ్ళు పడితే ఏ గొర్రె అయినా విదిలిస్తుంది. గంగమ్మ ఆలస్యం చేసినప్పుడు అందరూ చేసే పనే, చేసి చేయనట్టు చేస్తారు. నాయన తల అడ్డంగా ఊపాడు. "వొద్దు. నా కొడుకు పానమిది, దొంగాట ఆడను."

చెవి అన్నాడు మామ. ఆయనకేం తెలుసు, అలవాటుగా అన్నాడు. చెవి అనే మాట వింటే నాకు పుంగనూరు బస్టాండు కనబడుతుంది. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు అని కాలేజీలో తెలుగు సారు ఊరికే అన్న రోజు నేను క్లాసులోంచి లేచి వచ్చేశాను, సారు పాపం ఏమనుకున్నాడో. పుంగనూరు బస్టాండు పక్కన చెరకు రసం బండి. అక్కడ నేను, చైతన్య. చెంగయ్య కొడుకు చైతన్య. చెరకు గెడలు నలిపే ఆ చక్రం గజ్జెలు, ఐసు ముక్క, వాడి చేతిలో సగం తాగిన గ్లాసు. మేమేం చేశామంటే బస్సెక్కాం, అంతే. మదనపల్లెలో కాలేజీ అయిపోయాక ఇంటికి వచ్చే బస్సు కాకుండా పుంగనూరు బస్సు ఎక్కి, పుంగనూరులో దిగి, మళ్ళీ అదే బస్సులో వెనక్కి రావడం. వాడు ఒక స్టాపు ముందు ఎక్కేవాడు, నేను తర్వాత ఎక్కేదాన్ని, ఇంకెక్కడా చోటు లేక పక్కన కూర్చున్నట్టు కూర్చునేదాన్ని. అర్చన, నా స్నేహితురాలు, ప్రేమ అంటే ఏమిటే అని అడిగితే పక్క సీటు అన్నాను, అది పొట్ట పట్టుకుని నవ్వింది. నిజంగా అంతే. కిటికీలోంచి టమాటా తోటలు, లారీలు, గుట్టలు, వాడి మోచేయి నా మోచేయికి తగిలీ తగలకుండా. ఆ మధ్య చోటంతా నేను ఇప్పటికీ గీసి చూపించగలను.

వాడు పరుగు గురించి చెప్పేవాడు. అన్నా వాడూ రోజూ తెల్లవారకముందే కురబలకోట రోడ్డు మీద మిలట్రీ సెలక్షనుకు పరిగెత్తేవాళ్ళు, వాడే ముందు, ఎప్పుడూ వాడే ముందు, అన్న తన పాత బూట్లు వాడికిచ్చాడు, వీడు కాళ్ళతోనే పుట్టినాడమ్మా అని అమ్మకు చెప్పి మురిసిపోయేవాడు. పరుగయ్యాక వచ్చి వాడు మా ప్రహరీగోడ మీద కూర్చునేవాడు, లోపలికి ఎవరూ పిలిచేవాళ్ళు కాదు, వాడూ వచ్చేవాడు కాదు, అన్న తన టీ కూడా తెచ్చుకుని గోడ మీదే కూర్చునేవాడు. యుద్ధమొస్తే ఏం చేస్తావని బస్సులో అడిగాను. యుద్ధం టీవీవాళ్ళకు కావాలి, నాకు యూనిఫారం కావాలి, యూనిఫారం వేసుకుని ఊళ్ళోకి వస్తే నన్ను ఒరేయ్ అని ఎవడు పిలుస్తాడో చూస్తానన్నాడు. అప్పుడు నేను పిలుస్తానన్నాను. వాడు సిగ్గుపడి కిటికీ వైపు తిరిగాడు.

ఆ రోజు అన్న పుంగనూరు సంతకు గొర్రెలు చూడ్డానికి వచ్చి ఉన్నాడు. మేం చూడలేదు. ఒక్కటే దెబ్బ. అరచేయి తెరిచి చెంప మీద వెయ్యబోయాడేమో, ఎడమ చెవి మీద పడింది. చైతన్య మోకాళ్ళ మీద కూర్చుండిపోయాడు, గ్లాసు పగల్లేదు, ఎందుకో అది బాగా గుర్తుంది, నిలువుగా నేల మీద నిలబడింది. అన్న ఏదేదో అరుస్తున్నాడు. వాడు దెబ్బ తగిలినందుకు కాక ఆ మాటలు వినబడనందుకు కంగారుపడుతున్నాడు, తల పక్కకు వంచి, నోరు కొంచెం నవ్వుతున్నట్టు పెట్టి, "ఏమంటివి అన్నా? ఏమంటివి?" అంటున్నాడు. అన్న మళ్ళీ అరిచాడు. వాడు మళ్ళీ అడిగాడు. ఆ ప్రశ్న నాకు అన్నం తింటుంటే వినబడుతుంది, పరీక్ష హాల్లో వినబడింది, బ్లూటూత్ స్పీకరు వెనక ఇప్పుడు కూడా వినబడుతోంది. ఏమంటివి అన్నా.

సెలక్షన్లో పరుగులో అందరికంటే ముందొచ్చాడు చైతన్య. మెడికల్లో చెవిలో లైటు వేసి చూసి పంపించేశారు. అన్నను తీసుకున్నారు. చెంగయ్య పోలీసు స్టేషనుకు పోతానన్నాడు, పోతే కేసు, కేసు ఉంటే అన్నకు ఉద్యోగం లేదు. ఇదిగో ఈ గుడి ముందరే పెద్దమనుషులు కూర్చున్నారు. ఎటూ నీ కొడుకుది పోయింది, ఇంకొకడిది యాల పాడు చేస్తావు అన్నారు. ఎంత మెత్తగా అన్నారో. ఆడపిల్లను ఏడిపించాడని మాట రాకుండా చూసుకుంటామన్నారు. నేను లేచి, ఏడిపించలేదు, నేనే పోయినాను, నాకిష్టమయ్యే పోయినాను అన్నాను. ఎవరూ తిట్టలేదు. ఒకాయన ఎండ ఎక్కువగా ఉందన్నాడు. అమ్మ నన్ను లోపలికి తీసుకుపోయి, కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుంది పాపా అని మాత్రం అంది. ఆ వారంలోనే చెంగయ్య ఇంటికి తాళం పడింది. కుప్పం అవతల రామకుప్పంలో చైతన్య వాళ్ళమ్మ పుట్టిల్లుంది, అక్కడికి పోయారన్నారు. అర్చన చిన్నాన్న అటువైపు రాగులు కొనడానికి పోయి చూశాడట, వాడు రాగి చేలకు కాపలా ఉంటున్నాడు, అడవిలోంచి ఏనుగులు దిగితే పలక కొట్టి తోలతాడట. నేను ఆ మాట విన్నప్పటి నుంచి ఏనుగు ఎటువైపు నుంచి వస్తుందా అని ఆలోచిస్తున్నాను. అంత పెద్ద ప్రాణి చప్పుడు లేకుండా నడుస్తుందంటారు. ఎడమ వైపు నుంచి వస్తే వాడికేం తెలుస్తుంది? వాడి పేరు మీద ఏ గుడి ముందరా ఏ పొట్టేలూ లేదు.

అన్నతో నేను మాట్లాడటం మానేశాను. నాకు చేతనైంది అదొక్కటే. ఊరు మరిచిపోయింది, పెద్దమనుషులు మరిచిపోయారు, నాయన ఆ సంగతి రాకుండా మాట తిప్పుకోవడం నేర్చుకున్నాడు, నేనొక్కదాన్ని మరవలేదనడానికి ఈ ఇంట్లో గుర్తు ఏదైనా ఉందంటే నా మూసిన నోరే. అన్న ట్రైనింగుకు పోయేటప్పుడు గుమ్మంలో నిలబడి నీరూ అన్నాడు, నేను బయటికి రాలేదు. నా పేరు నీరజ, నీరూ అనేది వాడొక్కడే. మొదటి జీతంతో నాకు ఫోను పంపాడు, అది అట్టపెట్టెలోంచి ఇంకా బయటికి రాలేదు. ఆదివారం ఆదివారం ఫోను చేస్తాడు, అవ్వ మాట్లాడుతుంది, అమ్మ మాట్లాడుతుంది, తర్వాత ఫోను నా మీదుగా నాయనకు పోతుంది, అన్నం గిన్నె పథ్యం ఉన్నవాళ్ళను దాటిపోయినట్టు. అయినా అన్న ప్రతిసారీ చివర నీరూ ఏం చేస్తాండాదని అడుగుతాడు, చదువుకుంటాండాదని అమ్మ చెబుతుంది. చెబుతూ నా వైపు చూస్తుంది.

యుద్ధం వచ్చాక ఆ నోరు మూసుకుని ఉండటం కష్టమైంది. రోడ్డు మీద ఫ్లెక్సీ కట్టారు, మా ఊరి వీరుడు అని, అన్న సెల్యూట్ చేస్తున్న ఫోటో. మదనపల్లెకు పోయే దారిలో బస్సు అక్కడ ఆగుతుంది, నేను మొహం వైపు చూడకుండా ఆ అరచేయి చూసేదాన్ని. మా క్లాసు వాట్సాప్ గ్రూపులో మగపిల్లలందరూ అన్న ఫోటో స్టేటస్ పెట్టుకున్నారు, ఇన్నాళ్ళూ నాతో మాట్లాడనివాళ్ళు నీరజా నీకు గర్వంగా లేదా అని అడిగారు. నిన్న యుద్ధం ఆగిందనగానే ఒకడు అప్పుడే యాల ఆపినారని ఏడుపు బొమ్మ పెట్టాడు, క్రికెట్ మ్యాచి వానకు ఆగిపోయినట్టు. అర్చన వాడికి, నువ్వు పోయి మొదలుపెట్టు రా, మీ అమ్మను అడిగి పో అని రాసింది. అర్చనకు ప్రేమ మీద నమ్మకం లేదు, యుద్ధం మీద అసలే లేదు, రెండిట్లోనూ ముందు ఫోటో దిగుతారు తర్వాత ఏడుస్తారు అంటుంది, ఉద్యోగం వచ్చేదాకా రెండూ వద్దంటుంది. ఇంట్లోవాళ్ళ మీద నమ్మకం ఉందా అంటే, అది నమ్మకం కాదే, అలవాటు అంది.

నాకూ అలవాటే అయ్యుండాలి. కాకపోతే టీవీ ముందర నేనెందుకు కూర్చున్నాను? కింద పరిగెత్తే అక్షరాల్లో అమరుడైన జవాను అని వస్తే ఊరి పేరు వచ్చేదాకా నాకు ఊపిరాడేది కాదు. మన ఊరు కాదు. హమ్మయ్య. హమ్మయ్య అనుకున్నాక, ఆ ఊళ్ళో ఆ ఇల్లు ఎలా ఉందో అనే ఆలోచన వచ్చి నా మీద నాకే అసహ్యం వేసేది, మరుక్షణం మళ్ళీ అక్షరాల వైపే కళ్ళు. పదో తరగతి పరీక్షకు నేను హాల్ టికెట్ మరిచిపోతే బస్సు వెనకాల ఊరు దాటే వరకు పరిగెత్తి కిటికీలోంచి విసిరింది ఎవరు? గుర్రంకొండ కోట దిగుతూ నా కాలు మడత పడితే వీపు మీద మోసుకొచ్చి, దించేటప్పుడు, నువ్వు మా ముసలి పొట్టేలు కంటే బరువుండావే అన్నది ఎవరు? ఆ వీపు వాడిదే, ఈ అరచేయి వాడిదే. రెండింటినీ వేరు చేద్దామని చాలా ప్రయత్నించాను, వేరు కావు. ఇంకొక ఆలోచన కూడా వచ్చింది, అది ఎవరికీ చెప్పలేదు. ఆ దెబ్బ పడకపోయి ఉంటే చైతన్య కూడా ఇప్పుడు అక్కడే ఉండేవాడు. అంటే ఆ దెబ్బ వాణ్ణి కాపాడిందా? ఈ ఆలోచన వచ్చినప్పుడు నేను పెరట్లోకి పోయి మొహం కడుక్కున్నాను. అట్లాంటి ఆలోచన నాలో పుట్టిందంటేనే నేనెటు జారుతున్నానో తెలియడం లేదా?

గోవిందస్వామి కళ్ళు తెరిచాడు. ఎండకు ఆయన బొట్టు కరిగి ముక్కు మీదికి వచ్చింది. స్పీకరు ఆపమన్నాడు. ఆపితే ఈగల చప్పుడు కూడా వినబడింది.

"ఇంట్లో ఎవురి మనసులోనో ఏదో ఉండాది గంగప్పా," అన్నాడు. "ఒక్కొక్కరే వచ్చి తడి చెయ్యి దాని మీద పెట్టండి. నా మనసులో ఏమీ లేదని సెప్పండి. నిజం సెప్పితేనే అమ్మ ఇంటాది."

ఇది కూడా మా వైపు పద్ధతే. పొట్టేలు ఒప్పుకోకపోతే ఇంటివాళ్ళను అడుగుతారు. ఆయన ఎవరివైపూ చూడకుండానే అన్నాడు, కానీ ఊరంతా నా వైపు చూసింది. నేను అన్నతో మాట్లాడనని ఊరికి తెలుసు, ఎందుకు మాట్లాడనో కూడా తెలుసు, ఆ ఎందుకును వదిలేసి మాట్లాడకపోవడాన్ని మాత్రం పట్టుకున్నారు. అవ్వ ముందు పోయింది, చెంబులో చేయి ముంచి పొట్టేలు మీద పెట్టి చెప్పింది, అవ్వ గొంతు వణకలేదు. మామ చెప్పాడు. అమ్మ చెప్పింది, చెప్పి దాని మెడ పట్టుకుని అట్లాగే కాసేపు నిలబడింది. నాయన చెయ్యి పెట్టాడు కానీ మాట తొందరగా రాలేదు. నాయన ఎవరిని తలుచుకున్నాడో నాకు తెలియదు, ఆ తాళం వేసిన ఇంటి వైపు మాత్రం ఒకసారి చూశాడు, లేదా నేనలా అనుకున్నాను. తర్వాత చెప్పాడు. పొట్టేలు దగ్గింది. ఇంక నేనే మిగిలాను.

అమ్మ నా దగ్గరకు వచ్చింది. నా చేయి పట్టుకోలేదు, చీర కొంగు మాత్రం రెండు చేతుల్తో పట్టుకుని నిలబడింది, అడుక్కునేవాళ్ళు పట్టినట్టు. "ఒక్క మాటే కదా పాపా. వాడు రానీ, వచ్చినాక నువ్వే కొట్టు వాణ్ణి. ఇప్పుడు మాత్రం ఈ మాట సెప్పు."

నాకు తెలుసు, పొట్టేలుకూ నా మనసుకూ ఏ సంబంధమూ లేదు. ఉన్ని, జిడ్డు, చర్మం, అంతే. సరిహద్దులో అన్న ఫోనుకు చార్జింగు లేదో, టవరు లేదో, లేక ఇంకేదైనా అయితే అది అయిపోయి కూడా రోజులు దాటి ఉంటుంది, ఇక్కడ నేననే మాట అక్కడికి పోదు. ఇవన్నీ తెలిసి కూడా ఆ చెంబు వైపే ఎందుకు చూస్తున్నాను? చెప్పకపోతే, రేపు ఒక జీపు ఈ రోడ్డు మీద వచ్చి ఆగితే, అమ్మ జీవితమంతా నన్ను చూస్తూ బతకాలి, నేను అమ్మను చూస్తూ బతకాలి. చెబితే అబద్ధం. ఉత్త అబద్ధమైతే నష్టం లేదు, రోజూ ఎన్ని ఆడతాం, కానీ ఇది చైతన్య మీద ఆడే అబద్ధం. వాడి కోసం నేను దాచి ఉంచింది ఈ కోపం ఒక్కటే. దాన్ని ఇందరి ముందర, అమ్మవారి ముందర, లేదనాలి. పెద్దమనుషులు లేదన్నారు, నాయన లేదన్నాడు, ఇప్పుడు నేను కూడా లేదంటే ఇంకేం మిగులుతుంది? ఉందని చెప్పేద్దామా? ఉంది, నా మనసులో ఉంది, ఇంత ఉంది, అని అరిచి చెబితే? అప్పుడు కూడా ఒకాయన ఎండ ఎక్కువగా ఉందంటాడు. ఏమంటివి అన్నా. ఏమంటివి.

చెంబులో చేయి ముంచాను. నీళ్ళు వెచ్చబడి ఉన్నాయి. పొట్టేలు వీపు మీద చేయి పెడితే ఉన్ని లోపలికి దిగింది, దిగుతూనే ఉంది, చేయి ఇంకా లోపలికి పెట్టాను, వేళ్ళతో ఉన్నిని పాయలు చేస్తున్నానని నాకు తెలుస్తోంది, ఎందుకు చేస్తున్నానో కూడా తెలుస్తోంది, అట్టడుగున వేలికొసలకు వెచ్చగా చర్మం తగిలింది, దాని కింద గుండె కొట్టుకుంటోంది.

"నా మనసులో ఏమీ లేదు," అన్నాను.

చేతిలోని నీళ్ళు వేళ్ళ మీదుగా దిగాయి. నా చేయి కింద చర్మం ఒకసారి మెలిక తిరిగింది. పొట్టేలు తల కిందికి వేసి, చెవులు టపటపలాడించి, మెడ నుంచి తోక దాకా ఒళ్ళంతా విదిలించింది, నీళ్ళు నా కళ్ళలో, నోట్లో, అమ్మ చీర మీద పడ్డాయి. ఊరంతా ఒక్కసారి గోవిందా అంది. ఎవరో స్పీకరు మళ్ళీ పెట్టారు. అవ్వ నేల మీద పడి మొక్కుతోంది. అమ్మ నా తల పట్టుకుని ముద్దులు పెడుతోంది, పసుపునీళ్ళు ఆమె పెదాలకు అంటుకున్నాయి. నేను పసుపు కళ్ళు తుడుచుకుంటూ నిలబడ్డాను. చర్మానికి నీళ్ళు తగిలాయి, విదిలించింది. అంతే, ఇంకేం లేదు. అబద్ధానికి అమ్మవారు ఒప్పుకుందా? ఒప్పుకుంటే ఆమె ఉత్త రాయి. అబద్ధానికి ఒప్పుకునేది కాకపోతే, మరి నేను చెప్పింది అబద్ధం కాదా?

ఆ ప్రశ్న పూర్తిగా ఆలోచించే తీరిక దొరకలేదు. ప్లాస్టిక్ కవరులో ఫోను మోగింది. తెలియని నంబరు. నాయన కవరు విప్పలేక పళ్ళతో చించాడు, చెవి దగ్గర పెట్టుకున్నాడు, ఉన్నవాడు ఉన్నట్టే కింద కూర్చుండిపోయాడు. కొంచెంసేపు ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తర్వాత నాయన అన్నాడు. "మహేషూ. నాయనా."

ఎవరిదో ఫోను అడిగి చేశాడట, తన ఫోను పాడైందట, బాగున్నాడట, అందరూ బాగున్నారా అట. మాటలు ముక్కలు ముక్కలుగా వచ్చాయి. అవ్వ తీసుకుని ఊఁ, ఊఁ అని మాత్రం అంది. అమ్మ తీసుకుంది, తిన్నావా, పన్నుకున్నావా, చలిగా ఉండాదా అని ఊపిరి తీసుకోకుండా అడిగింది. తర్వాత అలవాటు ప్రకారం ఫోను నా ముందరనుంచి మామ వైపు పోతోంది. నేను చేయి చాచాను. నేనే చాచాను, ఎవరూ చెప్పలేదు. అమ్మ చేయి గాల్లో ఆగిపోయింది.

"అన్నా," అన్నాను. "తిన్నావా?"

 అవతల గాలి చప్పుడు ఉంది, దూరంగా ఎవరో హిందీలో మాట్లాడుతున్నారు. తర్వాత అన్న ఏడుపు వినబడింది, చిన్నపిల్లల ఏడుపు. "నీరూ. నువ్వేనా మాట్లాడతాండేది?"

నేనే అన్నాను. ఇంటర్‌లో ఎన్ని మార్కులొచ్చాయో చెప్పాను. నల్ల గొర్రె కవల పిల్లలను వేసిందని చెప్పాను. ఫ్లెక్సీలో నీ మొహం దొంగోడి మొహంలాగుందని చెబితే ఏడుపులోనే నవ్వాడు, నేనూ నవ్వాను, గట్టిగా నవ్వాను, ఊళ్ళోవాళ్ళు కూడా విని నవ్వారు. మాటలు ఎక్కడి నుంచి వస్తున్నాయో తెలియడం లేదు, ఒకదాని వెనక ఒకటి, ఇన్నాళ్ళూ గొంతు దగ్గరే వరసగా నిలబడి ఉన్నట్టు వస్తూనే ఉన్నాయి, ఆపుదామని చూశాను, ఆగలేదు. వాడు సెలవులో ఎప్పుడొస్తాడని కూడా అడిగాను. త్వరగా రమ్మని కూడా అన్నాను. ఆ మాట అన్నప్పుడు నా గొంతులో కోపం ఎక్కడైనా ఉందేమోనని వెతికాను. లేదు. ఈ ఇంట్లో చైతన్య వైపు నేనొక్కదాన్నే ఉండేదాన్ని, ఇప్పుడు ఎవరూ లేరు.